తగరపు రేకుల ఊరిలో జోజప్పగారి గుడి

విజయనగరము విడిచిన రైలు పార్వతీపురము మీదుగా కొండలలో జొరబడి, రాయగడ, టిట్లాగఢ్, సంబల్‌పూర్, ఝార్సుగూడలను ఒకదాని వెంట నొకటి వెనుకకు నెట్టి, రూర్కెలా దాటి చక్రధర్‌పూర్ చేరునప్పటికి, కిటికీ కావలి మన్ను రంగు మారిపోయి, ఇనుపరాయి నలిగి కలిసిన ఆ ఎఱ్ఱదనము పట్టాల నడుమను, గూడ్సు పెట్టెల అంచులను, స్టేషను కావల చెట్ల ఆకులను సయితము పట్టుకొనియుండును. ఈ దారిని తెలుగువారు నూరేండ్లుగా ఎరుగుదురు. కఱవునకో, అప్పుకో, దాయాదుల తగవునకో విసిగి శ్రీకాకుళము, విజయనగరము మండలముల పల్లెలనుండి ‘టాటాకు పోయెదను’ అని మూట కట్టుకొని బయలుదేరినవారి మనుమలు, మునిమనుమలు నేడు ఆ నగరమున తెలుగు, హిందీ, బెంగాలీ మూటిని ఒక్క వాక్యములో కలిపి మాటలాడుచు, మన యూరివాడు కనబడినచో ఇల్లు చూపక, టీ త్రాగింపక విడువరు.

దిగవలసిన స్టేషను టాటానగర్. పూర్వము దాని పేరు కాలిమాటి. 1919లో రాజప్రతినిధియైన చెమ్స్‌ఫర్డ్ ప్రభువు, మొదటి మహాయుద్ధకాలమున ఇక్కడి ఉక్కు చేసిన సేవకు మెచ్చి, సాక్చి గ్రామమునకు జంషెడ్‌పూర్ అని పేరు పెట్టగా, స్టేషను టాటానగర్ అయ్యెను. అక్కడినుండి బర్మామైన్స్ మీదుగా ఆటోలో పోయినచో గోల్‌మురి ఎంతో దూరము కాదు. ఏప్రిలు నెలాఖరు ఎండలో ఆ కొద్ది దూరమే చాలును.

గోల్‌మురి తగరపు రేకుల ఊరు. బర్మా ఆయిలు కంపెనీయు టాటా ఉక్కు కంపెనీయు కలిసి 1920లో స్థాపించిన టిన్‌ప్లేట్ కర్మాగారము 1922 చివర ఇక్కడ పని ప్రారంభించెను. బర్మా ఆయిలు వారికి కిరసనాయిలు నింపుటకు డబ్బాలు కావలెను. డబ్బాలకు తగరపు పూత పూసిన పలుచని ఉక్కు రేకు కావలెను. మన ముత్తవ్వల కాలమున నూనె అయిపోయిన తరువాత బియ్యము పోసికొనుటకును, కావడికి తగిలించి నీళ్ళు మోయుటకును పనికివచ్చిన ఆ నలుచదరపు డబ్బాల రేకు పెక్కుమారులు గోల్‌మురిలో పుట్టినదే యై యుండవచ్చును. ఆ రేకు వెనుక ఎంత చెమట కలదో 1929లో దేశమునకు తెలిసెను. ఆ యేట ఇక్కడి కార్మికులు నెలల తరబడి సమ్మె చేసిరి; వారి పక్షమున నిలిచినవారిలో సుభాస్ చంద్ర బోసు ఒకడు. నూరేండ్లు దాటిన ఆ కంపెనీ 2024లో టాటా స్టీలులో లీనమై తన వేరు పేరును వదలుకొనెను. మార్కెట్లోని వారు మాత్రము ఇప్పటికిని ‘టిన్‌ప్లేట్ గేటు’ అనియే గుర్తు చెప్పుదురు.

నేను పోయినది కర్మాగారమును చూచుటకు కాదు. కథోలిక విశ్వాసమనునది వేదాంత గ్రంథములలో నొకటిగను, ఉత్సవములలో మఱియొకటిగను, అంగడిలో, ఆఫీసులో, పొలములో వేఱొకటిగను చీలిపోవుట మన ప్రాంతమున పలుచోట్ల చూచి, ఆ చీలిక లేని తావు ఎక్కడనైన కలదా యను ప్రశ్న చాలకాలముగ మనస్సులో నుండెను. ఛోటానాగ్‌పూర్ పీఠభూమి చరిత్ర చదివినవారికి ఆ ప్రశ్నకు సమాధానము ఈ పీఠభూమిపైననే వెదకవలెనని తోచును. అందుకై నేను ఎంచుకొన్న దినము మే 1. ఎంచుకొన్న స్థలము గోల్‌మురిలోని పునీత జోజప్పగారి కథీడ్రల్.

జోజప్పగారు వడ్రంగి. సువిశేషములలో ఆయన పలికిన మాట ఒక్కటియు లేదు. చేసిన పనులు మాత్రమే యున్నవి. ప్రపంచ కార్మికులు ఎఱ్ఱజెండా నెత్తు మే 1వ తేదీని ఆయన పేర శ్రామికుల పండుగగా 1955లో ప్రకటించినవాడు పన్నెండవ పయస్ పోపు. కమ్యూనిస్టులతో పోటీకే ఆ పని చేసెనని కొందఱు గేలి చేసిరి. పోటీయే యనుకొందము. మంచి విషయమున పోటీ పడుట తప్పెట్లగును?

జంషెడ్‌పూర్ మేత్రాసనము 1962లో ఏర్పడెను. తొలి పీఠాధిపతి లారెన్స్ ట్రెవర్ పికాషీ, డార్జిలింగు కొండలలో పుట్టిన ఏసుసభ (జెస్యూట్) గురువు. తరువాత 1969లో కలకత్తా ఆర్చిబిషప్పుగ పోయి 1976లో కార్డినలయ్యెను. లోకము ఆయనను వేఱొక కారణమున గుర్తుంచుకొన్నది. మదర్ తెరేసా తన అంతరంగమున నిండిన చీకటిని గూర్చి, ప్రార్థించినను దేవుడు పలుకని ఆ శూన్యమును గూర్చి, విశ్వసించి లేఖలు వ్రాసికొన్న కొద్దిమంది ఆత్మగురువులలో పికాషీ ఒకడు. ఆ లేఖలు 2007లో గ్రంథరూపమున వెలువడినప్పుడు పలువురు దిగ్భ్రాంతి చెందిరి. రోగుల పుండ్లు కడుగుట ఒక్కదినమైనను మానక, లోపల ఏమియు వినబడని స్థితిలో ఏండ్ల తరబడి నడిచిన ఆ తల్లి వేదన తెలిసిన పీఠాధిపతి ఈ ఇనుపయూరి మేత్రాసనమునకు మొదటివాడగుట నాకు అనుకొనినకొలది సముచితముగ తోచినది. ఇక్కడి బ్రదుకులోను అట్టి మౌనసేవయే ఎక్కువ.

సాయంకాలపు పూజకు పోయితిని. పూజ హిందీలో జరిగెను. పాటలలో కొన్ని ఇక్కడి వాడుకభాషయగు సాద్రీలో సాగినవి. ముందు వరుసలలో ఎఱ్ఱ అంచు తెల్లచీరలు కట్టిన ఉరాఁవు ఆదివాసి స్త్రీలు. వారి వెనుక ఖడియా, ముండా కుటుంబములు. ప్రక్కన మలయాళీ నర్సులు, ఇద్దఱు ముగ్గురు తమిళులు. చివరి బల్లల మీద నీలి పని చొక్కా విప్పకయే నేరుగ షిఫ్టునుండి వచ్చిన యువకులు. అర్పణ వేళ మాందరు మ్రోగినది. రెండవ వాటికన్ మహాసభ దేశభాషలకును, దేశీయ వాద్యములకును గుడి తలుపులు తెరచిన తరువాత, ఆదివాసుల నాట్యస్థలమగు అఖరాలో కరమ పండుగకు మ్రోగు ఆ మట్టి మద్దెల పీఠము ముందునకు వచ్చెను. స్త్రీలు చేతులు పెనవేసికొని, రెండడుగులు ముందునకును ఒకటి వెనుకకును వేయుచు, కాన్కల పళ్ళెములతో నడిచి వచ్చిరి. పళ్ళెములలో రొట్టె, ద్రాక్షరసముతోపాటు క్రొత్త కూరగాయలు, ఒక దోసెడు వడ్లు ఉండెను. గురువు ప్రసంగము పది నిమిషములకు మించలేదు. విశ్వాసుల ప్రార్థనలలో పని దొరకనివారికొఱకు ఒకటి, ఠేకాలో, అనగా కాంట్రాక్టు మీద, పనిచేయువారికొఱకు ఒకటి వినబడినవి.

పూజ ముగిసిన పిదప ‘జై యేసు’ అని అందఱును పలకరించుకొనుచుండగా, నా హిందీ యాసను పసిగట్టిన ఒక వృద్ధుడు దగ్గరకు వచ్చి, “తెలుగోరా బాబూ? ఏ ఊరు?” అని అడిగెను. పార్వతీపురము వైపునుండి తండ్రి వచ్చినాడట. తాను ఇక్కడనే పుట్టి, టిన్‌ప్లేటులో పనిచేసి రిటైరయినాడట. విశాఖపట్టణములో 1846 మొదలు పనిచేసిన ఐరోపా గురువుల శిష్యపరంపరలో వారి తాతకు జ్ఞానస్నానము జరిగినదని ఇంటిలో చెప్పుకొందురట. క్వార్టరు వదలి బస్తీలో కట్టుకొన్న రెండు గదుల ఇంటికి నన్ను వెంటబెట్టుకొని పోయెను.

“షిఫ్టు బట్టే ఇక్కడ భక్తి బాబూ,” అన్నాడాయన, కుర్చీ చూపుతూ. “ఎ షిఫ్టంటే తెల్లారి ఆరు. బి అంటే మధ్యాన్నం రెండు. సి అంటే రాత్రి పది. ఆదివారం పూజ ఏ గంటకి దొరికితే ఆ గంటకి ఎళ్ళేవోణ్ణి. సి షిఫ్టు చేసి తిన్నగా గుడికొస్తే ప్రసంగంలో కునుకు పట్టేసేది. ఫాదరుగారికి తెలుసు. ఏమనీవోరు కారు.”

“పాపసంకీర్తనం హిందీలోనేనా తాతగారూ?” అని నేను అడిగితిని.

ఆయన నవ్వెను. “మొదట్లో తెలుగు ఫాదరు ఎవరైనా వొస్తారేమోనని దాచుకునీవోణ్ణి. ఎన్నాళ్ళు దాస్తాం! తప్పులు హిందీలోనే సేస్తన్నాం కదా, ఒప్పుకోడం కూడా హిందీలోనే అనుకున్నాను.”

ఆయన వ్రేళ్ళు చూచితిని. రెండు చేతుల చూపుడువ్రేళ్ళ మీదను, బొటనవ్రేళ్ళ మొదళ్ళయందును సన్నని తెల్లని గీతలు అడ్డదిడ్డముగ నుండెను. విద్యుత్ పద్ధతి రాకమునుపు తగరము పూయు విధానమును ఆయన చెప్పగా వింటిని: ఉక్కు రేకును ఆమ్లపు తొట్టిలో ముంచి తుప్పు పోగొట్టి, కరగిన తగరములో ముంచి, పైన పామాయిలు కాగుచుండగా ఆ నూనెలోనుండి పైకి లాగుదురు. నూనె పొగ గొంతును పట్టును. చల్లారిన రేకులను ఒక్కొక్కటిగ తిరుగవేసి పూత చెడినవానిని ఏరుటలో, కత్తి అంచు వంటి రేకు చేతితొడుగును కోసి వ్రేలిని కోయును. “ఒక్క రేకు మీద సూదిమొనంత పూత పోయినా డబ్బాలో సరుకు పాడైపోద్ది. ఎవడో ఏ ఊళ్ళోనో తింటాడు. అందికే సూసి సూసి ఏరేవోళ్ళం,” అన్నాడాయన. ఆ మాట చెప్పునప్పుడు ఆయన కంఠమున భక్తి గాని, బోధ గాని లేదు. పనివాని గర్వము మాత్రమే కలదు. ఏ వేదాంతియు పనిని గూర్చి ఇంతకు మించి చెప్పగలడని నాకు తోచదు.

ఆయన కోడలు పళ్ళెములో అరిసెలు తెచ్చి పెట్టెను. ఈ యెండలో అరిసె లేమిటని నేను ఆశ్చర్యపడగా, అవి ప్రక్కింటి ఉరాఁవు కుటుంబము పంపినవని చెప్పిరి. బియ్యపుపిండియు బెల్లపు పాకమును కలిపి నూనెలో వేయు ఆ పిండివంటను ఈ ప్రాంతపు ఆదివాసులు ‘అర్సా’ అందురు. క్రిస్మసునకు అది లేని యిల్లు లేదు. మన వంటకు వారి వంటకు తేడా నువ్వులు అద్దుటలోనే. ఛఠ్ పండుగకు ఎదురింటి బీహారీలు ఠేకువాలు పంపుదురట. క్రిస్మసునకు ఈ యింటినుండి వారికి పిండివంటలు పోవును. 1979లో ఈ నగరమున మతకలహములు చెలరేగినప్పుడు ఏ బస్తీ ఎట్లుండెనో ఆయన చెప్పినది నేనిక్కడ వ్రాయను. ఈ పిండివంటల రాకపోకలు ఆ భయము తరువాతను సాగినవని మాత్రము చెప్పవలెను.

ఇక ఈ విశ్వాసమునకు వేళ్ళెక్కడ నున్నవో చూడవలెను. బెల్జియమునుండి వచ్చి 1885లో తోర్పాలో కాలూనిన కాన్‌స్టెంట్ లీవెన్స్ అను యువగురువు, బోధించుటకు పోయిన ప్రతి పల్లెలోను ఒకటే గోడు వినెను: జమీందారులు భూములు లాగుకొనుచున్నారు, వెట్టి చేయించుచున్నారు, కోర్టులలో తమ గోడు పలుకువాడు లేడు. ఆయన భూమి చట్టములను, స్థానికాచారములను శ్రద్ధగ చదివి, ముండా, ఉరాఁవు రైతుల వ్యాజ్యములకు తోడ్పడ నారంభించెను. జనము వేలకొలది వచ్చి జ్ఞానస్నానము పొందిరి. ఆయన క్షయతో స్వదేశమునకు మరలి 1893లో, నలువదేండ్లయినను నిండకయే, మరణించెను. కోర్టు సాయము కొఱకు వచ్చినవారిది విశ్వాసమెట్లగునని నాడును నేడును ఆక్షేపించువారు కలరు. ఆకలిగొన్నవాడు అన్నము పెట్టినవాని మాట వినుటలో అపచారమేమియు నాకు కనబడదు. అన్నము పెట్టి మాట మాత్రము అమ్ముకొన్నచో అది వేఱు సంగతి. లీవెన్స్ అట్లు చేయలేదని అతని వెనుక వచ్చినవారి పని సాక్ష్యము చెప్పును.

వారిలో నన్ను మిక్కిలిగ ఆకర్షించినవాడు జర్మను దేశీయుడైన జాన్ బాప్టిస్ట్ హాఫ్‌మన్. 1899 క్రిస్మసునకు ముందు బిర్సా ముండా అనుచరులు ఉల్‌గులాన్ అను తిరుగుబాటు మొదలుపెట్టినప్పుడు సర్వదా మిషనుపై బాణములు పడెను. హాఫ్‌మన్ అక్కడనే యుండెను. మఱియొకడైనచో తుపాకుల రక్షణ కోరి, ఆ జనమును శత్రువులని ముద్రవేసి, పట్టణమునకు తరలిపోయెడివాడు. హాఫ్‌మన్ బాణములకు కారణ మేమని వెదకెను. అది భూమి యని తెలిసికొని, ముండాల ఖూంట్‌కట్టీ హక్కులను, అనగా అడవి నరికి పొలము చేసిన వంశమునకు ఆ నేలపై గల ఉమ్మడి స్వామ్యమును, ఆంగ్లాధికారులకు అర్థమగునట్లు వివరించి వ్రాసెను. 1908లో వెలువడిన ఛోటానాగ్‌పూర్ కౌలుదారీ చట్టము రూపొందుటలో ఆయన పరిశ్రమ కలదు. ఆదివాసి భూమి పరులకు అన్యాక్రాంతము కాకుండ ఈనాటికిని అడ్డు నిలుచుచున్నది ఆ చట్టమే. మరుసటి యేట వడ్డీవ్యాపారుల బారినుండి రైతులను తప్పించుటకు రాంచీలో సహకార పరపతి సంఘము స్థాపించెను. మొదటి మహాయుద్ధమున జర్మనుడగుటచేత ఆయనను దేశమునుండి పంపివేసిరి. జర్మనీలో కూర్చుండి చేసిన పని ముండారీ భాషాసంస్కృతుల మహాకోశము; ఆయన 1928లో మరణించిన తరువాత సంపుటములుగ వెలువడెను. చట్టము, అప్పుల బ్యాంకు, నిఘంటువు: ఈ మూడింటిలో ఏది భక్తికార్యమో, ఏది కాదో విడదీయుట ఎవరి తరము?

నిఘంటువన్నప్పుడు కామిల్ బుల్కేను స్మరింపక ముందునకు పోరాదు. బెల్జియములో ఇంజనీరింగు చదివి, ఏసుసభలో చేరి, 1935లో భారతదేశమునకు వచ్చిన ఆయన అలహాబాదు విశ్వవిద్యాలయమున రామకథ పుట్టుపూర్వోత్తరములపై పరిశోధనము చేసి, దానిని ఇంగ్లీషులో కాక హిందీలోనే సమర్పింతునని పట్టుబట్టి నెగ్గించుకొనెను. రాంచీలోని సెయింట్ జేవియర్స్ కాలేజీలో హిందీ, సంస్కృత శాఖకు అధిపతియై, 1968లో ఇంగ్లీషు–హిందీ నిఘంటువును ప్రకటించెను. 1974లో పద్మభూషణు డయ్యెను. తులసీదాసును ప్రేమించుట వలన తన క్రీస్తుభక్తికి లోటు వచ్చునని ఆయన యెన్నడును భయపడలేదు. మన మంగళగిరి ఆనందకవి 18వ శతాబ్దమున క్రీస్తుకథను వేదాంతరసాయనమను ప్రబంధముగ తెలుగు పద్యములలో కూర్చిన ధైర్యము ఇట్టిదే. ఆ కావ్యమును చదివిన తెలుగు కథోలికుని నేనింతవరకు ఒక్కనిని కలిసికొనలేదు. ఇది మన దౌర్భాగ్యము.

మరునాడు సర్క్యూట్ హౌస్ ఏరియాలోని ఏసుసభ విద్యాలయమునకు పోయితిని. అమెరికాలోని మేరీల్యాండ్ ప్రాంతపు ఏసుసభ గురువులు 1947లో జంషెడ్‌పూర్ చేరిరి. లయోలా పాఠశాల ఆ యేటిదే. వారిలో క్విన్ ఎన్‌రైట్ అను గురువు 1949లో జేవియర్ లేబర్ రిలేషన్స్ ఇన్‌స్టిట్యూటును స్థాపించెను. ఉక్కునగరమున ఇంజనీర్లు కావలసినంత మంది యున్నారు. పనిచేయువానికిని, పని చేయించువానికిని నడుమ న్యాయమేమో తెలిసినవారు లేరని ఆయన గ్రహించెను. ఆయన చేతిలో నుండినది పదమూడవ లియో పోపు 1891లో వెలువరించిన ‘రేరుం నొవారుం’ అను విశ్వలేఖ. కార్మికుడు సరకు కాడనియు, కుటుంబమును గౌరవముగ పోషించుకొనదగిన కూలి అతని హక్కనియు, సంఘము పెట్టుకొనుట అతనికి సహజాధికారమనియు చాటిన లేఖ అది. 2025 మే నెలలో ఎన్నికైన నూతన పోపు పదునాలుగవ లియో యను పేరు తీసికొనుటకు కారణము చెప్పుచు ఆ విశ్వలేఖనే తలచుకొనెను. నాటి యంత్రవిప్లవము వలెనే నేటి కృత్రిమమేధ శ్రమకు ఎసరు పెట్టుచున్నదని ఆయన భావము.

ఎన్‌రైట్ నాటిన మొక్క నేడు దేశమున వాసికెక్కిన మేనేజిమెంటు విద్యాలయము. చెట్లనీడలు, గ్రంథాలయము, చేతిలో లాప్‌టాపులతో నడుచు తీరైన యువతీయువకులు, గోడలమీద కంపెనీల పేర్లు. వ్యాపారనీతిపై జె.ఆర్.డి. టాటా పేర నొక ఉపన్యాసపరంపర కూడ నడచుచున్నది. ఇందులో మెచ్చుకొనదగినది చాల కలదు. ఐనను ఒక సంగతి దాచుట ఉచితము కాదు. కార్మికుని కొఱకు పుట్టిన విద్యాలయమున కార్మికుని బిడ్డ చేరుట ఈనాడు సులువు కాదు. గేటు బయట మధ్యాహ్నపు ఎండలో గడ్డి కోయుచుండిన ఠేకా కూలీకి ఆ లోపల తన కూలి విషయమే మొదట బోధింపబడెనని తెలియదు. పేరుప్రతిష్ఠలు పెరిగినకొలది పుట్టుకను మరచుట ఒక్క ఈ సంస్థ దోషము కాదు. మన తెలుగునాట గురువులు, మఠకన్యలు పెట్టిన బడులలో ఎన్ని నేడు బీదపిల్లల కందుబాటులో నున్నవో లెక్కవేసికొన్నచో ఎవరిని ఎవరును వేలెత్తి చూపలేరు.

ఆ నాణెమునకు రెండవ వైపున స్టాన్ స్వామి నిలిచియున్నాడు. తిరుచిరాపల్లి మండలమున 1937లో పుట్టి, ఏసుసభ జంషెడ్‌పూర్ శాఖలో చేరి, చాయిబాసా ప్రాంతపు హో పల్లెలలో బ్రదికి, తరువాత రాంచీ దగ్గర నామ్‌కుంలోని బగైచా అను కేంద్రమున పనిచేసిన ఆ గురువు, భూములు పోయిన ఆదివాసుల పక్షమునను, విచారణ లేకయే జైళ్ళలో మగ్గుచున్న యువకుల పక్షమునను వ్రాసెను, వాదించెను. 2020 అక్టోబరు 8న భీమా కోరేగావ్ అల్లర్ల కేసులో ఆయనను నిర్బంధించిరి. ఆరోపణలను ఆయన నిరాకరించెను. పార్కిన్సన్ వ్యాధిచే చేతులు వణకి గ్లాసు పట్టుకొనలేక, నీరు త్రాగుటకు గొట్టముగల గ్లాసు కోరి, దానికై న్యాయస్థానము ద్వారమున వేచియుండవలసి వచ్చెను. విచారణ ఆరంభము కాకయే, బెయిలు రాకయే, 2021 జూలై 5న ముంబయిలోని ఆసుపత్రిలో 84 ఏండ్ల వయస్సున మరణించెను. ఆయన రాజకీయములతో ఏకీభవింపనివారు కథోలికులలోను కలరు. గోల్‌మురిలోను నేను వారిని కలిసితిని. “ఫాదరు పని పూజ సేసుకోడం కదా,” అన్నవాడొకడు. లీవెన్స్ కోర్టుకెక్కినప్పుడు కూడ ఈ మాట అన్నవారు ఉండియేయుందురు. నా మట్టుకు, హాఫ్‌మన్ చట్టమును న్యాయమని నమ్మినవాడు స్వామిని పరాయివాడనుట పొసగదు.

తిరుగు ప్రయాణమున బండి కదలిన తరువాత మనవారి సంగతి తలపునకు వచ్చినది. ఝార్ఖండ్ ఆదివాసి క్రైస్తవుడైనను షెడ్యూల్డు తెగ హోదా అతనికి పోదు. మన దళిత కథోలికునికి మాత్రము 1950 నాటి రాష్ట్రపతి ఉత్తర్వు వలన జ్ఞానస్నానముతోనే షెడ్యూల్డు కుల హోదా పోవును. కులమువలని అవమానము మాత్రము పోదు. ఆ ఉత్తర్వు మార్చవలెనని ఆంధ్రప్రదేశ్ శాసనసభ 2023 మార్చిలో తీర్మానించెను. తెలుగుగడ్డపై పుట్టిన దళితుడు పూల అంతోని 2022లో కార్డినలయినప్పుడు మనము పొందిన సంతోషము న్యాయమైనదే. ఐనను ఆ ఉత్తర్వు చరిత్రను, దానిపై నడచుచున్న వ్యాజ్యములను తమ విచారణ (పారిష్) జనమునకు విడమరచి చెప్పగల ఉపదేశులు ఎందఱున్నారు? పొలము పట్టాలో తప్పు పడిన రైతుకూలీని వెంటబెట్టుకొని తహసీల్దారు కార్యాలయమునకు పోగల విచారణ గురువు లెందఱు?

ఫిబ్రవరి నెలలో గుణదల కొండకు లక్షలమంది నడుచుచున్నాము. విజయవాడలో 1954 నుండి ఆంధ్ర లయోలా కాలేజీ యున్నది. పల్లెపల్లెకు బడియున్నది, బడికి గదులున్నవి, సాయంకాలము అయిదు దాటిన తరువాత ఆ గదులకు తాళములున్నవి. విశాఖ ఉక్కునగరపు ఠేకా కార్మికుడు, గుంటూరు మిర్చియార్డు కూలీ, కట్టడపు పనికి వలస పోవు పాలమూరు కుటుంబము మన విచారణలలోనివారే. వారానికొక్క సాయంకాలము ఒక్క గది తాళము తీసి, కనీస వేతనమేమి, భవిష్యనిధి ఎట్లడుగవలెను, ప్రమాదమున చేయి పోయినచో పరిహారమెవ్వరిచ్చెదరను సంగతులు చెప్పుటకు ఒక న్యాయవాదిని, ఒక రిటైరయిన యూనియను మనిషిని కూర్చుండబెట్టుడు. అందులకు బిషపుగారి అనుమతి తప్ప వేరొక పెట్టుబడి అక్కరలేదు. అడిగినచో కాదనువారు అరుదు. ఈ వ్యాసము చదువు గురువులును, మఠకన్యలును, విచారణ పెద్దలును వచ్చు మే 1లోగా ఆ పని మొదలుపెట్టవలెనని కోరుచున్నాను.